రమణగారి బాకీ

ట్రాలీలో వానకి వేళాపాళా ఉండదు. ఆ శనివారమూ అంతే. క్లయింటు కాల్ ముగించుకుని హాల్లోకి వచ్చేసరికి మా అమ్మాయి ఐరిష్ హోంవర్కు ముందేసుకుని మొహం ముడుచుకుని కూర్చుంది.

"ఇది స్కూల్లో తప్ప ఎక్కడా పనికిరాదు నాన్నా. మన తెలుగూ అంతేగా, ఇంట్లో తప్ప ఎక్కడ మాట్లాడతాం?" అంది.

గుండెల్లో కలుక్కుమంది. పెద్దబాలశిక్ష తెప్పించాను, ఆదివారాలు గుణింతాలు దిద్దించాను. అన్నీ మధ్యలోనే అటకెక్కాయి. ఇరవై ఏళ్ళుగా కంప్యూటర్ చేత చెప్పినట్టల్లా చేయిస్తున్న వాణ్ణి, కూతురి చేత నాలుగు తెలుగు మాటలు ఇష్టంగా పలికించలేకపోయాను.

ఏమీ తోచక ఆ రాత్రి 'ముత్యాల ముగ్గు' పెట్టాను. 1975 నాటి సినిమా, దీనికేం నచ్చుతుందిలే అనుకుంటూనే. కంట్రాక్టరు వేషంలో రావు గోపాలరావు తీరిగ్గా 'కలాపోసన' గురించి సెలవిస్తుంటే ముందు అర్థం అడిగింది. తరువాత నవ్వింది. ఆ తరువాత మూడుసార్లు వెనక్కి తిప్పించింది. మర్నాడు గది సర్దుకోలేదని మా ఆవిడ కేకలేస్తే, "నీకు బొత్తిగా కలాపోసన లేదమ్మా!" అంది, కెర్రీ యాసలో.

"ఇంతకీ ఆ మాటలు ఎవరు రాశారు నాన్నా?"

సినిమా చూసి ఎవరు నటించారని అడుగుతారు గానీ ఎవరు రాశారని అడిగేవాళ్ళు అరుదు. ఉత్సాహంగా చెప్పుకొచ్చాను. ముళ్ళపూడి వెంకటరమణగారు 1931లో ధవళేశ్వరంలో పుట్టారు. చిన్నప్పుడే తండ్రి పోతే తల్లితో మద్రాసు చేరి కష్టాలు పడ్డారు. ఆంధ్రపత్రికలో పనిచేశారు. అప్పుల మీద 'ఋణానందలహరి' రాసి నవ్వించిన ఆయన, సినిమాల్లోకి వచ్చి 1962లో 'రక్తసంబంధం'కి మాటలు రాసి జనాన్ని ఏడిపించారు. 1967లో బాపుగారి తొలి సినిమా 'సాక్షి' ఆయన రచనే. ఆ జంట టీవీకి 'భాగవతం' కూడా తీసింది. ఆయన 2011 ఫిబ్రవరిలో పోయారు. ఆయన రాసిన 'శ్రీరామరాజ్యం' ఆ నవంబరులో విడుదలైంది.

"మన దగ్గర్లో సినిమాలు తియ్యలేదా?" అంది.

తీశారు. పై ఆదివారం డింగిల్ ద్వీపకల్పం చివరనున్న డన్‌క్విన్‌కి తీసుకెళ్ళాను. 1970లో వచ్చిన 'ర్యాన్స్ డాటర్' కోసం అక్కడ ఏకంగా ఊరే కట్టారు. దర్శకుడు డేవిడ్ లీన్. రాసింది రాబర్ట్ బోల్ట్. 'లారెన్స్ ఆఫ్ అరేబియా' నుంచీ వాళ్ళిద్దరూ కలిసి పనిచేశారు. "వీళ్ళ బాపూరమణలన్న మాట" అంది మా అమ్మాయి. షూటింగ్ అయ్యాక ఆ ఊరిని పడగొట్టేశారు. చూడ్డానికి గాలీ, గడ్డీ, సముద్రమే మిగిలాయి.

దారిలో టీ కోసం ఆగాం. ఆ చుట్టుపక్కల ఇప్పటికీ ఇళ్ళల్లో ఐరిష్ మాట్లాడతారు. పక్క బల్ల దగ్గర ముసలాయన ఐరిష్‌లో ఏదో అంటే మా అమ్మాయి తడబడుతూ జవాబిచ్చింది. ఆయన మొహం చేటంత అయింది.

తిరుగుదారిలో చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. ట్రాలీ దగ్గర పడుతుండగా, "రమణగారివి ఇంకా ఏమున్నాయి నాన్నా?" అంది.

అప్పులెన్ని రకాలో ఆయనే చెప్పారు. ఇది మాత్రం తీరేది కాదు.