డ్రేపర్ పటాలం

మా ధర్మపురి చుట్టుపక్కల ప్రాంతాన్ని పూర్వం బారామహల్ అనేవారు. పన్నెండు కోటల సీమ అని అర్థం చెబుతారు. పద్దెనిమిదో శతాబ్దం తొలి సగంలో కడప నవాబులు దీన్ని ఏలారు. 1760లో హైదరాలీ సేన బారామహల్‌ను చేజిక్కించుకుని, ఘాట్లు దిగి, పుదుచ్చేరిలో ఫ్రెంచివారికి తోడుగా వెళ్లింది. అప్పుడు పుదుచ్చేరిని చుట్టుముడుతున్న ఇంగ్లీషు దండులో ఉన్న ఒక పటాలం కథ ఇది.

దాని పేరు 79వ పటాలం. విలియం డ్రేపర్ అనే దొర 1757లో ఇంగ్లండులో దాన్ని కూడగట్టాడు. 1758లో మద్రాసులో దిగింది. ఆ ఏడు డిసెంబరులో ఫ్రెంచి సేనాని లాలీ మద్రాసు కోటను ముట్టడిస్తే, కాపాడినవాళ్లలో ఈ పటాలమూ ఉంది. 1760 జనవరిలో వందవాసి యుద్ధం. 1761 జనవరిలో పుదుచ్చేరి లొంగిపోయింది. 1762లో డ్రేపర్ తన పటాలాన్ని ఓడలెక్కించి, స్పెయినువారి చేతిలో ఉన్న మనీలా మీదికి తీసుకుపోయాడు. అక్టోబరు 6న ఆ నగరం పట్టుబడింది. మరుసటి ఏడు సంధి కుదిరింది. పటాలాన్ని రద్దు చేశారు. ఆరేళ్ల ఆయుష్షు. 79 అనే అంకె కూడా తర్వాత వేరే పటాలాలకు పోయింది.

డ్రేపర్ మాత్రం తనవాళ్లను మరవలేదు. బ్రిస్టల్ దగ్గర క్లిఫ్టన్‌లో ఇల్లు కట్టుకుని, దానికి మనీలా పేరే పెట్టుకున్నాడు. 1766లో తోటలో రాతి స్మారకం నిలిపి, చనిపోయిన అధికారుల పేర్లు చెక్కించాడు. చోటు మారినా ఆ రాయి నేటికీ క్లిఫ్టన్‌లోనే ఉంది.

ఆ రాతి మీద మన సిపాయిల పేర్లు లేవు. మనీలాకు మద్రాసు సిపాయిలు కూడా వెళ్లారు. 1764లో ఇంగ్లీషువారు మనీలా విడిచి వస్తున్నప్పుడు వాళ్లలో కొందరు ఓడ ఎక్కలేదు. కైంతా అనే ఊళ్లో అక్కడి ఆడపిల్లల్ని పెళ్లాడి నిలిచిపోయారు. వాళ్ల సంతతి ఇప్పటికీ ఉంది. వాళ్లు మాట్లాడేది తగలోగ్ భాష.

మద్రాసు సిపాయి అంటే తమిళుడే అనుకోనక్కర్లేదు. క్లైవు వెంట బెంగాలుకు వెళ్లిన సిపాయిల మూలంగా, ఉత్తరాదిన సిపాయి అనేవాడికల్లా 'తిలంగా' అని పేరు పడింది. ఆ మాట నేపాలు దాకా పాకింది. అది మన జాతి పేరే. పలికినవాళ్లకు మాత్రం ఎర్రకోటు వేసుకుని తుపాకీ పట్టినవాడనే అర్థం.

ధర్మపురిలో కూర్చుని చదువుతుంటే నాకు కైంతావాళ్ల మీదే మనసు పోతుంది. వాళ్ల ఇళ్లలో సొంత మాట ఏ తరంలో ఆగిపోయిందో! తాతకు వచ్చింది, తండ్రికి సగం వచ్చింది, కొడుకు విని నవ్వి ఊరుకున్నాడేమో. మా ఇంట్లో మనవడు తెలుగు మాట్లాడతాడు, చదవలేడు. బడిలో తమిళం, ఇంగ్లీషు. పత్రిక వస్తే నేనే చదివి వినిపిస్తాను. ఈ నెల 'తిలంగా' అన్న మాట దగ్గర కాస్త ఆగి, "ఇది మనమేరా" అని చెప్పాలి.