నోటు వెనక చెల్లు

మా గోదావరి జిల్లాల్లో వడ్డీని శాతాల్లో చెబితే చాలామందికి బుర్రకెక్కదు. "నూటికెంత?" అనే అడుగుతారు. నూటికి రూపాయి అంటే నెలకి వందకి రూపాయి, ఏడాదికి 12 శాతం. రెండు రూపాయలంటే 24. రాజశేఖరరెడ్డి గారి ప్రభుత్వంలో డ్వాక్రా ఆడవాళ్ళందరికీ "పావలా వడ్డీ" అన్న మాట అలవాటైపోయింది. అది ఏడాదికి 3 శాతం. ఆ లెక్కన బ్యాంకు వాళ్ళు 9 శాతానికిచ్చే ఇంటి లోను ముప్పావలా వడ్డీ అన్నమాట. రూపాయిన్నరకీ రెండు రూపాయలకీ అప్పులు తెచ్చి పెళ్ళిళ్ళు చేసిన ఇళ్ళల్లో పెరిగినవాళ్ళం కదా, ముప్పావలా అనగానే ఉచితంగా ఇస్తున్నట్టే ఉంటుంది మనకి.

మా ఆడపడుచు కూతురూ అదే అంది. రాజమండ్రిలో వాళ్ళాయనా తనూ ఒక డబుల్ బెడ్‌రూమ్ ఫ్లాటు చూసుకున్నారు. 38 లక్షలు. చేతిలో 8 లక్షలున్నాయి, మిగతా 30 లక్షలు బ్యాంకు ఇస్తానంది. 20 ఏళ్ళ గడువు, 9 శాతం వడ్డీ.

"ముప్పావలా వడ్డీయే అత్తయ్యా! ఇద్దరి జీతాల్లోంచి నెలకి 27 వేలు పక్కన పెట్టేస్తే అయిపోతుంది" అంది.

"మొత్తం మీద ఎంత కడతారే?" అన్నాను.

"మొత్తమా?" అంది. నెలకెంత అన్నదే అందరూ మాట్లాడుకున్నారు. మొత్తం ఎంతన్నది ఎవరూ అడగలేదట.

సరే, ఇద్దరం ఫోనులో లెక్క వేశాం. ఈఎంఐ 26,992 రూపాయలు. 240 నెలలు. మొత్తం 64 లక్షల 78 వేలు. 30 లక్షలు అసలు పోగా వడ్డీ ఒక్కటే 34 లక్షల 78 వేలు. వడ్డీ అసలుని మించిపోయింది. పిల్ల కాసేపు మాట్లాడలేదు. "మరి ముప్పావలాయే కదత్తయ్యా?" అంది చివరికి.

ముప్పావలాయే. దాన్ని 34 లక్షలు చేసింది 20 ఏళ్ళ కాలం. ఇది అర్థం కావడానికి తనకి మా అమ్మమ్మ గురించి చెప్పాను.

కోనసీమలో మా అమ్మమ్మకి చదువు రాదు. కానీ ఇంటి మీద ఏ అప్పు ఎంతుందో ఆవిడకి తెలియకుండా ఉండేది కాదు. ప్రామిసరీ నోటు రాసి అప్పు తెచ్చేవాళ్ళు. సార్వా పంట చేతికొచ్చాక తాతయ్య డబ్బు కట్టడానికి వెళ్తుంటే, "చెల్లు వేయించుకు రండి" అనేది. కట్టిన తేదీ, మొత్తం నోటు వెనకాల రాయించి సంతకం చేయించుకోవడమే చెల్లు వేయించడం. తాతయ్య తిరిగి రాగానే ఆవిడ అడిగే ప్రశ్న ఒక్కటే. "వడ్డీకెంత పోయింది, అసలుకెంత పడింది?" వడ్డీ మాత్రమే కట్టొచ్చిన ఏడాది మా ఇంట్లో పండక్కి కొత్త బట్టలుండేవి కావు. అప్పు అంగుళం కూడా కదల్లేదని ఆవిడకి తెలుసు కాబట్టి.

ఈఎంఐలో అసలూ వడ్డీ కలిపి ఒకే అంకె చేసేస్తారు. ప్రతి నెలా అదే 26,992. నెల నెలా కడుతున్నాం కాబట్టి నెల నెలా సమానంగా తీరుతోందనుకుంటాం. నిజానికి బ్యాంకు చేసేది పాత లెక్కే. మిగిలిన బాకీ మీద ముందు నెల వడ్డీ తీసుకుని, మిగిలింది అసలుకి వేస్తుంది. 30 లక్షల మీద ముప్పావలా చొప్పున మొదటి నెల వడ్డీ 22,500. అంటే 26,992 కడితే అసలుకి పడేది 4,492 మాత్రమే. మొదటి ఏడాది మొత్తం 3 లక్షల 24 వేలు కడితే అప్పు తగ్గేది 56 వేలు. ఐదేళ్ళలో 16 లక్షల 19 వేలు కట్టాక కూడా 26 లక్షల 61 వేలు బాకీ ఉంటుంది. తీసుకున్న 30 లక్షల్లో సగం తీరేసరికి 14 ఏళ్ళు పడుతుంది. మిగతా సగం ఆఖరి ఆరేళ్ళలో తీరుతుంది.

అమ్మమ్మ ఉంటే మొదటి ఐదేళ్ళూ మా పిల్లకి కొత్త చీర కొననిచ్చేది కాదేమో!

ఇక్కడో పాత సంగతి చెప్పాలి. మన జిల్లాలు మద్రాసు ప్రెసిడెన్సీలో ఉన్న రోజుల్లో, 1938లో, రాజాజీ ప్రభుత్వం రైతు రుణ విమోచన చట్టం ఒకటి తెచ్చింది. 1932 అక్టోబరుకి ముందు చేసిన అప్పుల్లో, అసలూ వడ్డీ కలిపి అసలుకి రెట్టింపు కట్టేసిన రైతుకి ఆ బాకీ పూర్తిగా తీరినట్టే అని అందులో రాశారు. ఎంత కష్టకాలంలో చేసిన చట్టమైనా, రెట్టింపు కట్టాక ఇంకా అడగడం న్యాయం కాదన్న ఆలోచన అందులో ఉంది. మా పిల్ల లోను లెక్కలో కట్టేది రెట్టింపు దాటి ఇంకో 4 లక్షల 78 వేలు.

అలాగని బ్యాంకు మోసం చేస్తోందని నేననను. 20 ఏళ్ళ తర్వాత కట్టే 27 వేలకి ఈ రోజు 27 వేల విలువ ఉండదు. అప్పటికి జీతాలు పెరుగుతాయి, ఈఎంఐ బరువు తగ్గుతుంది. అద్దెకున్నా డబ్బు పోతుంది. నెలకి పది వేలు అద్దె, ఒక్క రూపాయి పెరగకుండా ఉన్నా 20 ఏళ్ళకి 24 లక్షలు. సొంతింట్లో మేకు కొట్టుకోవడానికి ఎవర్నీ అడగక్కర్లేని సుఖానికి ధర ఎవరు కట్టగలరు? లోను తీసుకోవద్దని కాదు నేను చెప్పేది. ఇల్లు 38 లక్షలనుకుని కొనకండి, 72 లక్షల 78 వేలనుకుని కొనండి. ఆ అంకె చూశాక కూడా కావాలనిపిస్తే, నిశ్చింతగా తీసుకోండి.

నిజానికి అక్కడితోనూ అయిపోదు. మన రాష్ట్రంలో రిజిస్ట్రేషన్‌కి స్టాంపు డ్యూటీ 5 శాతం, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ ఒకటిన్నర, ఫీజు ఒకటి, మొత్తం ఏడున్నర శాతం. 38 లక్షల మీద 2 లక్షల 85 వేలు. ఇది చేతిలోంచి పెట్టుకోవలసిందే. ఆ పైన ప్రాసెసింగ్ ఫీజు, లాయరు ఒపీనియన్, తనఖా రాయించే ఖర్చు. లోనుతో పాటు ఇన్సూరెన్సు కూడా ఇస్తామంటారు, ప్రీమియం లోనులోనే కలిపేస్తామంటారు. 60 వేల ప్రీమియం అలా కలిపితే 20 ఏళ్ళకి అది లక్షా 29 వేలవుతుంది. "టాక్సు కలిసొస్తుంది కదా" అంటారు. పాత పద్ధతిలో అయితే మనం ఉండే ఇంటి వడ్డీ మీద ఏడాదికి 2 లక్షల దాకా మినహాయింపు ఉంది. కొత్త పద్ధతిలో ఉన్నవాళ్ళకి ఆ మినహాయింపు లేదు. మీ ఆయన ఏ పద్ధతిలో ఉన్నారో ముందు కనుక్కోండి.

ఇంకో విషయం. ఆ 9 శాతం 20 ఏళ్ళూ 9 గానే ఉండదు. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులిచ్చే కొత్త ఫ్లోటింగ్ ఇంటి లోన్లని బయటి రేటుకి ముడిపెట్టారు. ఎక్కువగా అది రిజర్వ్ బ్యాంకు రెపో రేటే. 2020 మేలో 4 శాతానికి దిగిన రెపో, 2022 మే నుంచి పెరుగుతూ 2023 ఫిబ్రవరికి ఆరున్నరకి చేరింది. తొమ్మిది నెలల్లో రెండున్నర శాతం! 2025లో మళ్ళీ మెట్లు దిగింది.

పెరిగినప్పుడు చాలా ఇళ్ళల్లో ఈఎంఐ మారలేదు కాబట్టి ఎవరికీ తెలియలేదు. పెరిగింది గడువు. 7 శాతానికి 30 లక్షలు 20 ఏళ్ళకి తీసుకుంటే ఈఎంఐ 23,259. రెండేళ్ళు కట్టాక వడ్డీ తొమ్మిదిన్నర అయితే, నెల వడ్డీయే 22,579 ఉంటుంది. అసలుకి పడేది 680 రూపాయలు. అదే ఈఎంఐ కడుతూ పోతే మిగిలిన 18 ఏళ్ళ గడువు 37 ఏళ్ళవుతుంది. రిటైరయ్యాక కూడా కట్టాలి. నోటు తిరగేసి చూడనివాళ్ళకి ఈ సంగతి తెలియదు.

ఇలాంటివి జరిగాకే రిజర్వ్ బ్యాంకు 2023 ఆగస్టులో ఒక ఉత్తర్వు ఇచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంతా అన్నది మనల్ని అడగాలి. గడువు పొడిగించేటప్పుడు కట్టేది వడ్డీకే చాలక అప్పు పెరిగిపోయే పరిస్థితి రాకూడదు. మూడు నెలలకోసారి స్టేట్‌మెంట్ ఇవ్వాలి. అందులో ఇప్పటిదాకా అసలుకెంత పడింది, వడ్డీకెంత పోయింది, ఈఎంఐ ఎంత, ఇంకా ఎన్ని మిగిలాయి, వడ్డీ రేటెంత అన్నవి ఉండాలి. చూశారా, అమ్మమ్మ అడిగిన ప్రశ్నే! అదే మన కాలపు చెల్లు. కొత్తగా లోను తీసుకునేవాళ్ళకి 2024 అక్టోబరు నుంచి ఫీజులన్నీ కలిపిన అసలు వడ్డీ రేటూ, నెలవారీ పట్టికా ఉన్న కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ సంతకానికి ముందే ఇవ్వాలి. ఇంట్లో మగవాళ్ళ మెయిల్లో పడి ఉంటుంది. తీయించి చూడండి.

ఎందుకింత పట్టుబడుతున్నానంటే, ఆ కాగితాల మీద మన సంతకం కూడా ఉంటుంది. ఆడవాళ్ళ పేరు కలిపితే కొన్ని బ్యాంకులు వడ్డీ కాస్త తగ్గిస్తాయి. ఇద్దరి జీతం చూపిస్తే లోను పెద్దది వస్తుంది. అందుకని "ఇక్కడో సంతకం పెట్టు" అంటారు, మనం వంటింట్లోంచి చెయ్యి తుడుచుకుంటూ వచ్చి పెట్టేస్తాం. ఆ సంతకంతో మొత్తం అప్పుకి మనమూ పూచీ అవుతాం, సగానికి కాదు. ఏ కారణం వల్ల రెండో మనిషి కట్టలేకపోయినా బ్యాంకు మన దగ్గరికే వస్తుంది. కాబట్టి లోను ఎంతో అంతకి తగ్గకుండా ఇంటి సంపాదనపరుడి పేర టర్మ్ ఇన్సూరెన్సు విడిగా తీసుకోండి. నామినీగా మీ పేరు ఉందో లేదో చూసుకోండి.

ఇంక తగ్గించుకునే దారి. అదే 30 లక్షలు 15 ఏళ్ళకి పెట్టుకుంటే ఈఎంఐ 30,428. నెలకి 3,436 ఎక్కువ. కానీ మొత్తం వడ్డీ 24 లక్షల 77 వేలకి దిగుతుంది. 10 లక్షలు మిగులు! ఇది విని మా పిల్ల 15 ఏళ్ళకే పెట్టించేస్తానంది. నేనే ఆగమన్నాను. రేపు పిల్లలు పుడితే ఏడాదో రెండేళ్ళో ఉద్యోగం మానాల్సి రావచ్చు. అప్పుడు ఆ 30 వేలు మెడకి చుట్టుకుంటుంది. వ్యక్తులకిచ్చే ఫ్లోటింగ్ ఇంటి లోను ముందుగా కడితే బ్యాంకులు జరిమానా వేయకూడదని రిజర్వ్ బ్యాంకు 2012లోనే చెప్పింది. అందుకని కాగితం మీద 20 ఏళ్ళే ఉంచి, చేతనైనన్నాళ్ళూ 15 ఏళ్ళ లెక్కన కట్టుకోమన్నాను. కుదరని నెల 26,992తో ఆగొచ్చు.

మొదటి ఏళ్ళలో వేసిన రూపాయికి బలమెక్కువ. మొదటి ఏడాది చివర లక్ష రూపాయలు అదనంగా కడితే 19 ఈఎంఐలు ఎగిరిపోతాయి. అదే లక్ష 15వ ఏడాది చివర కడితే ఆరు కూడా తగ్గవు. బోనసొస్తే, చీటీ పాడితే, పుట్టింటి వాళ్ళు ఏమైనా ఇస్తే, ముందు ఏళ్ళలోనే వేయండి. వేసేటప్పుడు "అసలుకి జమ చేసి, ఈఎంఐ అలాగే ఉంచి గడువు తగ్గించండి" అని రాతపూర్వకంగా అడగండి.

మా పిల్ల చివరికి కారు ఆలోచన మూడేళ్ళు వాయిదా వేసి, లోను 27 లక్షలకి తగ్గించుకుంది. పాల లెక్క రాసుకునే పుస్తకంలోనే వెనక పేజీ తీసి మూడు గళ్ళు గీసింది. అసలుకి పడింది, వడ్డీకి పోయింది, మిగిలిన నెలలు. మొదటి వరస చూసి, "చాలా తక్కువ పడింది అత్తయ్యా" అని ఫోన్ చేసింది. పడనీ, తెలిసి కడుతోంది.

బాకీ తీరిన రోజు చేయాల్సిన పని కూడా ఒకటుంది. మొత్తం కట్టేశాక 30 రోజుల్లో దస్తావేజులు తిరిగివ్వాలని, బ్యాంకు తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకి 5,000 చొప్పున మనకివ్వాలని 2023 డిసెంబరు నుంచి నిబంధన ఉంది. కాగితాలు తెచ్చుకుని బీరువాలో పెట్టేస్తే సరిపోదు. రిజిస్టరు చేసిన తనఖా రద్దు చేయించి, ఈసీ తీయించి, ఇంటి మీద బాకీ ఏమీ కనబడటం లేదని కళ్ళారా చూసుకోండి.