చెరిపేసిన మాట

మాస్టారు పోయిన మూడో నెలలో ఆయన భార్య కబురు పెట్టారు. గూడెం కొత్తవీధిలో వాళ్లింటికి వెళ్లేసరికి విండోస్ 7 కంప్యూటరు పాస్‌వర్డు అడుగుతూ కూర్చుని ఉంది. "పిల్లల పేర్లు, పుట్టిన తేదీలు అన్నీ కొట్టి చూశాం బాబూ" అన్నారామె. లోపలున్నది మాస్టారు ఊరూరా తిరిగి పోగేసిన కుపియా మాటల జాబితా. కుపియా ఇక్కడి వాల్మీకుల భాష. రాసుకున్న కాగితాల కట్టలు చెదలు తినేశాయి. మిగిలింది ఆ డబ్బాలోనే.

ముందు పెన్‌డ్రైవులో ఉన్న లినక్సుతో కంప్యూటరుని లేపాను. పాస్‌వర్డు ఊసే లేకుండా ఫైళ్లన్నీ కనబడ్డాయి. డిస్కు ఎన్‌క్రిప్ట్ చెయ్యకపోతే విండోస్ పాస్‌వర్డు వీధి తలుపు తాళమే, పెరటివైపు గోడ ఉండదు. (బిట్‌లాకర్ గాని పెట్టి ఉంటే కాఫీ తాగి తిరిగొచ్చేవాణ్ణి.) అన్నీ కాపీ చేశాను. తీరా తెరిస్తే పిచ్చి గీతలు! ఆయన అను ఫాంట్లలో కొట్టారు, యూనికోడ్ కాదు. మార్చే సాధనాలున్నాయి, నిజమే. కానీ కుపియా మాటలో ఒక్క ఒత్తు తేడా వస్తే పట్టుకునేదెవరు? ఆయన లేరు. ఆయన చూసినట్టే చూడాలంటే ఆయన విండోసే తెరవాలి.

అప్పుడు తీశాను రెండో పెన్‌డ్రైవు. నార్వేవాడు పెట్టర్ నోర్డాల్-హాగెన్ 1997లో మొదలుపెట్టిన పనిముట్టు అది. నల్ల తెర, తెల్ల అక్షరాలు, అంతే. విండోస్ పాస్‌వర్డుని 'శామ్' అనే ఫైల్లో దాస్తుంది, మాటగా కాదు, ఆ మాటని నలగ్గొట్టి తీసిన హ్యాష్‌గా. ఈ పనిముట్టు ఆ మాటని కనుక్కోదు, హ్యాష్‌ని చెరిపేస్తుంది. విండోస్‌లో విడిగా ఎన్‌క్రిప్ట్ చేసిన ఫైళ్లుంటే వాటి తాళంచెవీ దాంతోనే పోతుంది. లినక్సులో అన్నీ తెరుచుకున్నాయి కనుక ఆ భయం లేదు.

"ఇలా తెరవడం తప్పు కాదు గదా?" అన్నారామె. ఇల్లు మీదే కదమ్మా అన్నాను గాని, నాకూ చెయ్యి ఆడలేదు. ఆయన పేరు ఎంచుకుని 1 నొక్కాను. మార్పులు డిస్కు మీద రాసెయ్యమంటావా అని చివర్లో అడుగుతుంది. ఊరికే ఎంటర్ కొడితే వద్దన్నట్టే లెక్క. 'వై' నొక్కాను.

కంప్యూటరు మళ్లీ లేచింది. ఏమీ అడక్కుండా లోపలికి రానిచ్చింది. మాటలు వరసగా, ఒత్తులతో సహా.

ఆమె తెర చూడలేదు, నన్ను చూశారు.

"ఇంతకీ ఆయన ఏ మాట పెట్టుకున్నారు బాబూ?"

"తెలీదమ్మా. చెరిపేశాను."




ఆమె కాసేపు ఆగి, కాఫీ పెడతానని లోపలికి వెళ్లారు.