గణపవరం గట్టు మీద ఎనిమిది నిమిషాల యుద్ధం

తాడేపల్లిగూడెంలో బస్సెక్కి గణపవరంలో దిగేసరికి సాయంత్రం నాలుగైంది. దారిలో ఓ పక్క వరి చేలు, ఇంకో పక్క చేపల చెరువులు. చూడ్డానికి అంతా ప్రశాంతమే. చెరువు ఊట పక్క చేలోకి దిగితే ఏమవుతుందో మాత్రం ఇక్కడి రైతుల్నే అడగాలి. బాబాయి తన చేను చెరువు చేశాడు. ఊటకి మా వరి పోయింది. నాన్నా, బాబాయీ మాట్లాడుకుని నాలుగేళ్లు. మధ్యలో ఉన్నది మూరెడు గట్టు.

ఈసారి ఆ గట్టు మీదే కూర్చుని ఫోన్‌లో ఓ సినిమా చూశాను. పేరు 'నైబర్స్'. కెనడాలో నార్మన్ మెక్‌లారెన్ 1952లో తీశాడు. ఎనిమిది నిమిషాలు, మాటల్లేవు. మనం రీల్స్‌కి బొమ్మలతో చేసే స్టాప్ మోషన్‌ని ఆయన మనుషులతో చేశాడు. పక్కపక్క ఇళ్లవాళ్లిద్దరు. సరిహద్దు మీద ఓ పువ్వు పూస్తుంది. నాదంటే నాదని కంచె వేస్తారు, కొట్టుకుంటారు, చచ్చిపోతారు. పువ్వు వాళ్ల కాళ్ల కిందే నలిగిపోతుంది.

అప్పుడు కొరియాలో యుద్ధం నడుస్తోంది. ఈ సినిమాకి ఆస్కార్ వచ్చింది, అదీ డాక్యుమెంటరీ విభాగంలో! పెళ్లాం బిడ్డల్ని కూడా చంపే సీన్ మరీ ఘోరంగా ఉందని కొన్నాళ్లు తీసేశారు. వియత్నాం యుద్ధం రోజుల్లో మళ్లీ కలిపారు.

ఇక్కడికి దగ్గర్లోనే యండగండి ఉంది. తిరుపతి వేంకట కవుల్లో ఒకరైన దివాకర్ల తిరుపతిశాస్త్రి 1872లో పుట్టింది అక్కడే. ఆ జంటకవుల 'పాండవోద్యోగం'లో కృష్ణుడు రాయబారానికి వెళ్తాడు. భారతంలో ఆ కథ మనకి తెలిసిందే: అయిదూళ్లిచ్చినా చాలంటే, సూదిమొన మోపినంత నేల కూడా ఇవ్వనంటాడు దుర్యోధనుడు. అదీ అన్నదమ్ముల గట్టు తగాదాయే కదా! మరి మన ఊళ్లలో నాటకం ఆడితే వన్స్‌మోర్‌లు ఎక్కడ పడతాయి? యుద్ధం వస్తే మీ గతేంటో చూసుకోండని బెదిరించే పద్యానికి. నేనూ ఈల వేసినవాణ్నే.

మేత వెయ్యడానికి వచ్చిన బాబాయి నన్ను చూసి ఆగాడు. ఫోన్ చేతికిచ్చాను. నిలబడే మొత్తం చూశాడు.

"ఇంతకీ ఆ పువ్వెవరిదిరా?"

"నలిగిపోయింది కదా బాబాయ్."

ఏమీ అనలేదు. గట్టు దిగుతూ, "మీ నాన్నకి బీపీ తగ్గిందా?" అన్నాడు.

బస్సెక్కాక ఆ లింకు నాన్నకి పంపాను. బ్లూ టిక్కులు పడ్డాయి. జవాబు ఇంకా రాలేదు.