సీజన్ మారితే లెక్క చెరిగిపోతుంది

ఇంట్లో పదకొండేళ్ల పిల్లాడూ ఒక గేమ్ కన్సోలూ ఉంటే ఫుట్‌బాల్ ఆట రాకుండా ఉండదు. ఇంగ్లండ్‌లో ఉన్నవాళ్లకైతే మరీను. నేను రాయబోయేది పిల్లలు స్క్రీన్ ముందు ఎంతసేపు కూర్చుంటున్నారన్న సంగతి కాదు. దాని గురించి మనందరం ఫోన్లలో చాలానే మాట్లాడుకున్నాం. ఆ ఆటలో నా కంటపడిన ఒక లోటు గురించి రాస్తున్నాను. చూడటానికి చిన్నదే. కానీ బీఎస్సీ బయోకెమిస్ట్రీలో మూడేళ్లు ల్యాబ్ రికార్డులు రాసినదాన్ని కదా, చూసి ఊరుకోలేకపోయాను.

తెలియనివాళ్ల కోసం ముందు కొంచెం చెప్పాలి. ఈ ఆటల్లో కెరీర్ మోడ్ అని ఒకటుంటుంది. ఒక మ్యాచ్ ఆడేసి లేచిపోవడం కాదు. పిల్లవాడు ఒక క్లబ్బుకి మేనేజర్ అవుతాడు. ఆటగాళ్లను కొంటాడు, అమ్ముతాడు, కుర్రాళ్లను తెచ్చి పెంచుతాడు. ఆగస్టులో మొదలైన సీజన్ మేలో ముగుస్తుంది. అది మన లెక్కలో రెండు మూడు వారాలు. సీజన్ మారగానే అందరికీ ఒక ఏడు వయసు పెరుగుతుంది. అలా పదీ పదిహేను సీజన్లు ఆడొచ్చు. ఒక కుర్రాడు జట్టులో చేరడం, ఎదగడం, పేరు తెచ్చుకోవడం, వేగం తగ్గడం, రిటైర్ అవడం, అన్నీ మన హాల్లోనే జరిగిపోతాయి.

మనకి కావలసిన ఆటగాణ్ని మనమే తయారుచేసుకునే వీలు కూడా ఉంది. మావాడు ఇరవై రెండేళ్ల స్ట్రైకర్‌ని ఒకణ్ని తయారుచేసి, వాడికి మా నాన్నగారి పేరు పెట్టాడు. తణుకులో ఉన్న మా నాన్నగారు జన్మలో ఫుట్‌బాల్ తన్నలేదు. ఆయనది రేడియోలో క్రికెట్ కామెంటరీ విన్న తరం. అయినా ఆదివారం వీడియో కాల్‌లో "తాతయ్యా, ఈ వారం నువ్వు మూడు గోల్స్ కొట్టావు" అంటే, "ఎవరి మీద రా?" అని అడిగేవారు. చలికాలమంతా వాళ్లిద్దరికీ అదే కబురు. అంతకుముందు ఆ కాల్ "బాగున్నావా?", "బాగున్నాను" దగ్గర ఆగిపోయేది.

ఎనిమిది నెలల్లో పన్నెండు సీజన్లు అయిపోయాయి. ముప్ఫై నాలుగేళ్ల వయసులో ఆటలోని తాతయ్య రిటైర్ అయ్యారు. ఆ ఆదివారం మా నాన్నగారు సహజంగానే అడిగారు, "మొత్తం ఎన్ని కొట్టాన్రా?" అని.

మావాడు ఆటంతా వెతికాడు. ఎక్కడా లేదు. ఆట జరుగుతున్న సీజన్లో ఎవరు ఎన్ని మ్యాచ్‌లు ఆడారు, ఎన్ని గోల్స్ కొట్టారు అన్నది చక్కగా కనిపిస్తుంది. కొత్త సీజన్ మొదలవగానే పలక తుడిచినట్టు అన్నీ సున్నాలు. గెలిచిన కప్పులు మాత్రం బీరువాలో ఉంటాయి. రిటైర్ అయినవాడి పేరైతే జట్టు జాబితాలోనే ఉండదు. పన్నెండు సీజన్లు ఆడినవాడు అసలు లేనట్టే. "ఇట్స్ లైక్ హీ నెవర్ ప్లేడ్, అమ్మా" అన్నాడు మావాడు. గొంతు కాస్త మారింది కూడా.

ఇదేమైనా దాచలేనంత పెద్ద లెక్కా అని నేను కాగితం తీసుకున్నాను. ఒక ఆటగాడికి ఒక సీజన్లో రాయవలసినవి ఏమిటి? మ్యాచ్‌లు, నిమిషాలు, గోల్స్, అసిస్టులు, కార్డులు. వాటితోపాటు ఎవరు, ఏ క్లబ్బు, ఏ ఏడాది. ధారాళంగా లెక్కేసినా 20 బైట్లు. ఆటలో 20,000 మంది ఉన్నారనుకుందాం. పదిహేను సీజన్లకి మూడు లక్షల వరసలు. 20తో గుణిస్తే 60 లక్షల బైట్లు, అంటే 6 మెగాబైట్లు. మనం ఫోన్‌లో తీసే ఫొటోలు రెండు కలిపితే అంతుంటుంది. 2000లో వచ్చిన ప్లేస్టేషన్ 2కి మెమరీ కార్డు 8 మెగాబైట్లే. ఆ రోజుల్లో చోటు లేదంటే ఒప్పుకోవచ్చు. ప్లేస్టేషన్ 5లో 825 గిగాబైట్లు ఉన్నప్పుడు ఆ మాట చెల్లదు.

మరి ఎందుకు ఉంచరు? నా ఊహ ఇది. మా ఇంట్లో ఉన్న ఆట ఏడాదికోసారి కొత్తది వస్తుంది. పాతదాంట్లో నడిపిన కెరీర్ కొత్తదాంట్లోకి రాదు. వచ్చే ఏడు మళ్లీ కొనిపించవలసిన వస్తువుకి జ్ఞాపకశక్తి ఎక్కువ ఉండాలని అమ్మేవాళ్లకి ఎందుకుంటుంది?

ఇది చేయలేని పని కాదనడానికి రుజువు కూడా ఉంది. పాల్ కోలియర్, ఆలివర్ కోలియర్ అనే ఇద్దరు ఇంగ్లీషు అన్నదమ్ములు 1992లో ఛాంపియన్‌షిప్ మేనేజర్ అనే ఆట తెచ్చారు. 2004 నుంచి వాళ్ల ఆట ఫుట్‌బాల్ మేనేజర్ అన్న పేరుతో వస్తోంది. అందులో మనం బంతి తన్నం. పట్టికలు చూసి జట్టు నడుపుతాం. ఏ ఆటగాడి పేజీ తెరిచినా ఏ ఏడు ఏ క్లబ్బులో ఎన్ని మ్యాచ్‌లు, ఎన్ని గోల్స్ అన్నది వరసగా ఉంటుంది. ఇరవై సీజన్లు దాటినా ఉంటుంది. ఏది దాచుకోవాలనుకున్నామో అది దాచుకుంటాం, అంతే.

నిజం ఫుట్‌బాల్‌లో కూడా ఇదే తంతు. ఇక్కడ ఏ పిల్లవాణ్ని అడిగినా అలన్ షియరర్ 260 గోల్స్ రికార్డు గురించి చెబుతాడు. అది ప్రీమియర్ లీగ్ రికార్డు. ప్రీమియర్ లీగ్ మొదలైంది 1992లో. అంతకుముందు పై డివిజన్‌లోనే సౌతాంప్టన్‌కి ఆడుతూ షియరర్ కొట్టిన 23 గోల్స్ ఆ లెక్కలోకి రావు. జిమ్మీ గ్రీవ్స్ పై డివిజన్‌లో 357 గోల్స్ కొట్టాడు. అన్నీ 1992కి ముందువి కాబట్టి ఆ పట్టికలో ఆయన పేరే లేదు. లీగ్ పేరు మారింది, లెక్క మళ్లీ ఒకటి నుంచి మొదలైంది.

ఆడవాళ్ల సంగతి ఇంకా అన్యాయం. 1920 క్రిస్మస్ మర్నాడు లివర్‌పూల్‌లోని గుడిసన్ పార్క్‌లో డిక్ కెర్ లేడీస్ జట్టు ఆడిన మ్యాచ్ చూడటానికి దాదాపు 53,000 మంది వచ్చారు. మరుసటి డిసెంబరులో ఇంగ్లండ్ ఫుట్‌బాల్ అసోసియేషన్ తన క్లబ్బుల మైదానాల్లో ఆడవాళ్లు ఆడకూడదని నిషేధం పెట్టింది. అది దాదాపు యాభై ఏళ్లు నడిచింది. ఆ జట్టులోని లిలీ పార్ వెయ్యికి దగ్గరగా గోల్స్ కొట్టిందంటారు. "అంటారు" అనే చెప్పాలి. లీగే లేనప్పుడు పట్టిక ఎవరు రాస్తారు? 2002లో నేషనల్ ఫుట్‌బాల్ మ్యూజియం హాల్ ఆఫ్ ఫేమ్‌లో చోటు దక్కిన మొదటి మహిళ ఆమే. అప్పటికి ఆమె పోయి ఇరవై ఏళ్లు దాటింది.

ఇక మా తాతయ్య గోల్స్ సంగతి. మావాడు దిగులుగా "దొరకలేదు తాతయ్యా" అన్నాడు. మా నాన్నగారు "ఉండరా" అని లేచి వెళ్లి గోడ మీద క్యాలెండర్ పట్టుకొచ్చారు. మా ఇంట్లో పాల లెక్క ఎప్పుడూ క్యాలెండర్ గళ్లలోనే. పాత ఏడాది క్యాలెండర్ పారేయరు, అదే మేకుకి కొత్తది దాని మీద తగిలిస్తారు. ఆదివారం గళ్లలో పాల గీతల పక్కన చిన్న అంకెలున్నాయి. మూడు, అయిదు, ఒకటి. మనవడు చెప్పినవన్నీ ఆయన రాసుకున్నారు. మేము ఫోన్ చేయని రెండు ఆదివారాలు ఖాళీ. మిగతావన్నీ కూడితే 214. మావాడు కుర్చీలోంచి ఎగిరి గంతేశాడు.

ఆ రోజు నుంచి మా ఇంట్లో ఒక నోట్‌బుక్ నడుస్తోంది. బీఎస్సీ చదివినవాళ్లకి గుర్తుండే ఉంటుంది, ల్యాబ్‌లో రెండు పుస్తకాలుండేవి. ప్రయోగం చేస్తూ అప్పటికప్పుడు రాసేది అబ్జర్వేషన్, ఇంటికెళ్లి అందంగా రాసేది రికార్డు. మా మేడమ్ సంతకం పెట్టేది రికార్డు మీద, నమ్మేది అబ్జర్వేషన్‌ని. మావాడికి అదే చెప్పాను. మొత్తాలు తర్వాత ఎప్పుడైనా కూడుకోవచ్చు, విడి అంకెలు మాత్రం ఆ సీజన్ పూర్తికాకముందే రాసుకోవాలని. గోల్స్ పక్కన మ్యాచ్‌లు కూడా రాయమన్నాను. 40 మ్యాచ్‌ల్లో 24 గోల్స్ కొట్టినవాడు గొప్పవాడా, 20 మ్యాచ్‌ల్లో 15 కొట్టినవాడా? మొదటివాడికి మ్యాచ్‌కి 0.6, రెండోవాడికి 0.75. స్కూల్లో భిన్నాలంటే మూతి ముడిచేవాడు ఇప్పుడు భాగహారం తనే చేసుకుంటున్నాడు.

గోల్స్ అంత శ్రద్ధగా రాసుకున్న మనిషి తన రక్తపరీక్షల కాగితాలు ఎక్కడ పెట్టుకున్నారో అని నాకు అనుమానం వచ్చింది. అడిగితే, "ఆ ప్లాస్టిక్ కవర్లో ఉన్నాయిలే, అన్నీ నార్మలే అన్నారు" అన్నారు. తమ్ముడి చేత ఫొటోలు తీయించి తెప్పించుకున్నాను. నాలుగేళ్లలో అయిదు రిపోర్టులు, మూడు వేర్వేరు ల్యాబ్‌లవి. తేదీ, ల్యాబ్, అంకె అని మావాడి నోట్‌బుక్‌లో ఉన్నట్టే గళ్లు గీసి రాశాను. క్రియాటినిన్ వరస ఇలా వచ్చింది: 1.0, 1.0, 1.1, 1.2, 1.3. కాగితం మీద ఇచ్చిన హద్దు 0.7 నుంచి 1.3. విడిగా చూస్తే ఏ రిపోర్టూ తప్పు కాదు, దేని పక్కనా చుక్క గుర్తు లేదు. ఒకదాని కింద ఒకటి పెడితే మాత్రం మెట్లు ఎక్కుతున్నట్టుంది. డెబ్బై ఏళ్ల మనిషికి, కిడ్నీల పనితనం చెప్పే జీఎఫ్ఆర్ లెక్కలో అది దాదాపు 80 నుంచి 60కి దిగడం. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు.

తమ్ముడు ఆ ఒక్క కాగితం తీసుకుని నాన్నగారిని డాక్టరు దగ్గరికి తీసుకెళ్లాడు. డాక్టరుగారు పట్టిక చూసి అడిగిన మొదటి ప్రశ్న, "మోకాళ్ల నొప్పికి ఏమైనా మింగుతున్నారా?" అని. మింగుతున్నారు. మందుల షాపులో అడిగి కొనుక్కున్నవి, రోజుకి రెండు, ఎన్నాళ్ల నుంచో. ఆ రకం నొప్పి బిళ్లలు ఏళ్ల తరబడి వాడితే కిడ్నీల మీద పడతాయి. అవి ఆపించి, బీపీ మందు మార్చి, మూత్రంలో ప్రోటీన్ పరీక్ష రాశారు. మూడు నెలలకోసారి క్రియాటినిన్ చూడమన్నారు. తర్వాతి రెండు అంకెలు 1.3, 1.2. మెట్లెక్కడం ఆగింది. ఫోన్ పెట్టేశాక వంటింట్లో కాసేపు ఊరికే నిలబడిపోయాను.

పట్టిక వైద్యం చేయదు. మనం దాన్ని చూసి మందులు మార్చకూడదు కూడా. ఇవాళ్టి అంకె మాత్రమే కనిపించే డాక్టరుకి నిన్నటి అంకెలు చూపిస్తుంది, అంతే. ఊళ్లు, దేశాలు మారే మనలాంటివాళ్లకి ఇది మరీ అవసరం. కొత్త చోటికి వెళ్లిన ప్రతిసారీ పిల్లల టీకాలూ మన పరీక్షలూ మళ్లీ సున్నా నుంచి మొదలవుతాయి.

ఒక జాగ్రత్త చెబుతాను, అంకె పక్కన కొలమానం తప్పకుండా రాయండి. ఇండియాలో షుగరు 126 అంటే ఇక్కడ బ్రిటన్‌లో 7.0. అక్కడి అంకెని 18తో భాగిస్తే ఇక్కడి అంకె వస్తుంది. అక్కడ క్రియాటినిన్ 1.3 అంటే ఇక్కడ సుమారు 115. మూడు నెలల షుగరు అక్కడ 6.5 శాతమైతే ఇక్కడ 48 అని రాస్తారు. అమ్మానాన్నలు ఇక్కడికొచ్చి ఆరు నెలలుండి వెళ్లినప్పుడు రెండు రకాల అంకెలు ఒకే గడిలో పడితే పట్టిక అంతా గందరగోళమే.

మావాడు ఇప్పుడు కొత్త కెరీర్ మొదలెట్టాడు. ఈసారి జట్టులోకి అమ్మమ్మని తీసుకున్నాడు, డిఫెండర్‌గా. రెండు సీజన్లు అయ్యాయి, గోల్స్ గడిలో సున్నా. కానీ అమ్మమ్మ వచ్చాక జట్టు ఓడిన మ్యాచ్‌లు సగానికి తగ్గాయని వాడే లెక్కేసి చెప్పాడు. పడకుండా ఆపిన గోల్స్ ఏ గడిలో రాయాలి అన్నది మాత్రం మా ఇద్దరికీ ఇంకా తేలలేదు.