గదిలో కుంపటి, గోడలో పొయ్యి

మొన్నటి చలికాలంలో గోదావరిఖనిలో కొత్త ఇల్లు కట్టుకుంటున్న పాత మిత్రుడొకరు చూసిపొమ్మని కబురు పంపారు. ఆయన విశ్రాంత మైనింగ్ సర్దార్. అమెరికాలో కుమారుని ఇంట గోడలో అమర్చిన ఇనుప పొయ్యిని చూసివచ్చి, హాలులో అటువంటిదే కట్టించాలని ముచ్చటపడ్డారు. మేస్త్రీ అప్పటికే గోడలో గూడు విడిచాడు. పొగగొట్టం మాత్రం ఎక్కడా లేదు. "బొగ్గు ఎర్రగైనంక పొగ ఉండది కద డాక్టర్ సాబ్" అన్నారాయన. ఆ మాటతో ముప్పై ఏండ్ల కిందటి ఒక తెల్లవారుజాము నా కళ్లముందు నిలిచింది.

ఆ రోజులలో ఇక్కడి కార్మికవాడల్లో బొగ్గుపొయ్యిని వాకిట్లో ముట్టించి, పొగ తగ్గిన పిదప లోపలికి తెచ్చుకునేవారు. ఒక గృహిణి తలనొప్పి, వికారమంటూ రెండుసార్లు నా వద్దకు వచ్చింది. పిల్లలకు కూడా ఉదయం తలనొప్పేననీ, బడికి వెళ్లాక తగ్గుతున్నదనీ చెప్పింది. నేను మాత్రలిచ్చి పంపాను. మూడవసారి ఆమెను, ఇద్దరు పిల్లలను స్పృహలేని స్థితిలో మోసుకొచ్చారు. భర్త రాత్రి షిఫ్టులో ఉండగా తలుపులు బిగించి కుంపటి పక్కన నిద్రించారట. ప్రాణవాయువు పెట్టాము. తల్లి, కొడుకు తేరుకున్నారు. చిన్నపిల్ల తేరుకోలేదు.

కనిపించే పొగ పోయినంత మాత్రాన ప్రమాదం పోదు. గాలి చాలక మండే నిప్పు నుండి కార్బన్ మోనాక్సైడ్ వెలువడుతుంది. దానికి రంగు, వాసన ఉండవు. అది రక్తంలోని హిమోగ్లోబిన్‌ను ఆక్సిజన్ కన్నా 200 రెట్లకు పైగా బలంగా పట్టుకుంటుంది. వేలికి పెట్టే సాధారణ ఆక్సీమీటరు దీనిని గుర్తించలేక, అంతా సవ్యంగా ఉన్నట్లే చూపుతుంది. గర్భిణులకు, పసివారికి, గుండెజబ్బు గలవారికి ముప్పు మరింత ఎక్కువ. 1890లలో హాల్డేన్ అనే శాస్త్రవేత్త, గని పేలుళ్ల తరువాత కార్మికులలో పెక్కుమందిని బలిగొంటున్నది ఈ వాయువేనని తేల్చాడు. దానిని పసిగట్టేందుకు చిన్న పక్షులను గనిలోకి తీసుకువెళ్లే పద్ధతి ఆయన సూచనతోనే వచ్చింది.

ఇదంతా చెప్పాక మిత్రుడు చాలాసేపు మౌనంగా ఉండి, "దీపం పట్టుకొని గనిల గాలి చూసినం గాని, ఇంట్ల గాలి ఎన్నడు చూడలే" అన్నారు. మరునాడు గూడు తీయించి, పని మళ్లీ మొదలుపెట్టించారు.

అటువంటి పొయ్యి కట్టించదలచినవారు ఈ సంగతులు గమనించండి. నిప్పు ఉండే గూటికి లోపల ఫైర్ బ్రిక్, ఫైర్ క్లే వాడాలి. మామూలు సిమెంటు ఆ వేడికి పగుళ్లు వారుతుంది. అందంగా ఉన్నాయని గోదావరి గులకరాళ్లు పెట్టవద్దు. లోపలి తేమ ఆవిరై అవి పగిలి ఎగరవచ్చు. ఇనుప పొయ్యి గొట్టం గూటిలోనే ఆగిపోక, చిమ్నీ కొస వరకు అతుకు వదలకుండా సాగాలి. చిమ్నీ డాబాపైన కనీసం మూడడుగులు లేవాలి. పది అడుగుల లోపల ఉన్న దేనికన్నా రెండడుగులు ఎత్తుగా ఉండాలి. పొయ్యి ముందు అడుగున్నరకు తగ్గకుండా రాతిపరుపు వేయాలి. కర్రపనిని తయారీదారు చెప్పిన దూరంలో ఉంచాలి. కట్టెల కోసం చేసిన పొయ్యిలో బొగ్గు వేయరాదు. వంటింటి ఎగ్జాస్ట్ ఫ్యాను పొగను వెనక్కు లాగగలదు కనుక బయటి గాలి వచ్చే దారి ఉండాలి. పడకగది దగ్గర కార్బన్ మోనాక్సైడ్ అలారం తప్పనిసరి. కుంపటిని మాత్రం ఏ గదిలోనూ ఉంచి నిద్రించరాదు.

ఇంటిల్లిపాదికీ ఒకేసారి తలనొప్పి వచ్చి, బయటకు వెళ్తే తగ్గుతుంటే వెంటనే ఇల్లు విడిచి ఆసుపత్రికి వెళ్లండి. ఇంట్లో పొయ్యి ఉన్నదని వైద్యునికి చెప్పండి. ఆయన పట్టించుకోకపోతే మళ్లీ చెప్పండి. ఆ తల్లి నాకు చెప్పింది. నేనే వినలేదు.