చెరి సగం

మన పత్రిక సంపాదకులు ఫోను చేసి, "డాక్టరు గారూ, ఈ నెల షుగరు వ్యాధి మీద ఏదైనా వ్రాసి పంపండి" అన్నారు. షుగరు మీద పోయిన ఏడు వ్రాశాను. చదివినవాళ్ళు చదివారు, సంక్రాంతి సంబరాల్లో అరిసెలు తిన్నవాళ్ళు తిన్నారు. ఇద్దరూ ఒకళ్ళే. వాళ్ళలో నేనూ ఉన్నాను. అందుకని ఈసారి మనుషుల వైద్యం కాకుండా, మా ఇంట్లో ఒక ముసలి యంత్రానికి జరిగిన వైద్యం గురించి వ్రాస్తున్నాను. పెద్దలు మన్నించాలి.

మేముండేది అల్ షహానియాలో. దోహా మిత్రులకు మా ఊరు ఒంటె పందాలప్పుడే గుర్తుకొస్తుంది. దుఖాన్ రోడ్డు మీద పడమరగా వచ్చి, ఇక ఊళ్ళు అయిపోయాయి, మిగిలింది ఇసుకే అనుకునే చోట మా ఊరు మొదలవుతుంది. చలికాలంలో ఫరవాలేదు, సాయంత్రం అలా తిరిగి రావచ్చు. వేసవిలో తొమ్మిదేళ్ళ పిల్లవాణ్ణి ఇంట్లో కూర్చోబెట్టడం ఎంత కష్టమో మీకు చెప్పనక్కర్లేదు. అలాంటి ఒక శుక్రవారం మావాడు మంచం కింది అట్టపెట్టె లాగి, "నాన్నా, ఇదేమిటి?" అన్నాడు.

అది ప్లేస్టేషన్ 2. జపానులో 2000 మార్చిలో మొదలై, ప్రపంచమంతా 15 కోట్లకు మించి అమ్ముడుపోయిన ఆటల పెట్టె. 2013 మొదట్లో తయారీ ఆపేశారు. ఇండియాలో మాత్రం కొంచెం ఆలస్యంగా, మధ్యతరగతి ఇళ్ళకు ధర అందే వేళకు వచ్చింది. 2009లో నేను మెడిసిన్‌లో ఉండగా, ఇంజనీరింగు చదువుతున్న మా తమ్ముడూ నేనూ చెరి సగం వేసుకుని కొన్నాం. నాన్నగారికి తెలియకుండా కొన్నాం గనుక అమ్మ వాటా కూడా కొంత ఉందనుకోండి. ఆటల డిస్కులు కూడా చెరి సగమే. ప్రతి డబ్బా లోపలి కాగితం మీద ఇద్దరి పొడి అక్షరాలూ ఉంటాయి. మొత్తం పదకొండు డబ్బాలు. డిస్కులు పదే. హనుమాన్ డబ్బా ఖాళీగా ఉంది.

ఆ ఆట సంగతి కొంచెం చెప్పాలి. "హనుమాన్: బాయ్ వారియర్" అని పేరు. 2009లో వచ్చింది. చేసింది ఏ టోక్యో వాళ్ళో కాదు, మన హైదరాబాదులోని అరోనా టెక్నాలజీస్ వాళ్ళు. పూర్తిగా మన దేశంలో తయారైన మొదటి ప్లేస్టేషన్ ఆటగా దానికి పేరు. దేవుణ్ణి ఆటబొమ్మను చేశారని అమెరికాలో కొందరు అభ్యంతరం కూడా చెప్పారు. ఆ యేడే "దేశీ అడ్డా" అని ఇంకొకటి వచ్చింది. బిళ్ళంగోడూ కబడ్డీ టీవీలో ఆడుకునే ఆట. అదీ హైదరాబాదుదే, గేమ్‌శాస్త్ర అనే సంస్థ చేసింది. నిజం చెప్పొద్దూ, రెండూ గొప్ప ఆటలేం కావు. అయినా హాస్టలుకు తీసుకుపోయి, "ఇది మనవాళ్ళు చేసింది తెలుసా?" అని అందరికీ చూపించాం. మన పిల్లాడు క్లాసులో ముప్పయ్యో ర్యాంకు తెచ్చుకున్నా మనకు ముద్దే గదా.

సరే, యంత్రాన్ని దులిపి టీవీకి తగిలించాం. దీపం వెలిగింది. డిస్కు పెడితే గిర్రున తిరిగి, గరగరలాడి, చదవలేనంది. రెండోదీ అంతే, మూడోదీ అంతే. తప్పు యంత్రానిది కాదు. వయసుది, ఇసుకది. మావాడి మొహం చిన్నబోయింది.

ఎలక్ట్రానిక్స్ రిపేరు చేసే మిత్రుడొకాయన ఉన్నాడు. కరీంనగర్ జిల్లా మనిషి, గల్ఫుకు వచ్చి ఇరవయ్యేళ్ళు. పెట్టె విప్పి, టార్చి వేసి చూసి, "సారూ, మిషిను మంచిగనే ఉంది. కన్నే మసకబారింది" అన్నాడు. డిస్కును చదివే లేజరు కటకం గురించి ఆ మాట. శుక్లాలన్నమాట! "మారుద్దామంటే సామాను దొరకాలె, దొరికినా ఎన్నాళ్ళుంటదో. గదంత ఎందుకు, కన్నుతోని పని లేకుంట చేస్త" అన్నాడు. కంటిచూపు లేకుండా చదివించే వైద్యం మా కాలేజీలో ఎవరూ చెప్పలేదు. కుర్చీ దగ్గరకు జరుపుకుని కూర్చున్నాను.

నాకు అర్థమైనంతలో ఆ కిటుకు ఇది. కంపెనీ వాళ్ళు అచ్చు వేసిన డిస్కు మీద ఒక గుర్తు ఉంటుంది. ఇంట్లో కంప్యూటరు మీద రాసుకున్న డిస్కుకు ఆ గుర్తు రాదు. గుర్తు లేనిదాన్ని యంత్రం తిప్పికొడుతుంది, మన ఒళ్ళు పరాయి మూత్రపిండాన్ని తిప్పికొట్టినట్లు. పూర్వం ఈ తనిఖీని ఏమార్చడానికి యంత్రం పొట్ట కోసి, లోపలి బోర్డుకు మోడ్‌చిప్ అనే చిన్న బిళ్ళను సన్నటి తీగలతో టంకం పెట్టేవారు. పెద్ద ఆపరేషనే. చెయ్యి జారితే పేషెంటు బల్ల మీదే పోతాడు.

తర్వాత కత్తితో పని లేని దారి దొరికింది. ఈ యంత్రం లేస్తూనే తన మెమరీ కార్డు వైపు ఒకసారి చూస్తుంది, "నాకేమైనా కొత్త మార్పులు వచ్చాయా?" అని. ఆ అలవాటు కంపెనీ వాళ్ళు పెట్టిందే. 2008 ప్రాంతంలో కొందరు ఔత్సాహికులు ఆ కార్డులో తమ సొంత ప్రోగ్రామును పెట్టారు. దాని పేరు ఫ్రీ మెమరీకార్డ్ బూట్. యంత్రం అది ఇంటి పెద్ద మాటే అనుకుని దాని ప్రకారం నడుచుకుంటుంది. చిట్టచివర వచ్చిన నమూనాల్లో ఈ దారి మూసేశారు గాని మాది అంతకు ముందుది. అక్కణ్ణుంచి ఓపెన్ పీఎస్2 లోడర్ అనే ఇంకో ప్రోగ్రాము పనిచేసి, డిస్కుకు బదులు పెన్‌డ్రైవులోని ప్రతి నుంచి ఆట నడిపిస్తుంది. ఆ యంత్రానికున్న యూఎస్‌బీ పాతకాలంది, సెకనుకు 12 మెగాబిట్లే. అందుకని మధ్యలో సినిమా ముక్కలు వచ్చేచోట కాస్త నత్తినత్తిగా నడుస్తుంది. ముసలివాళ్ళను పరుగెత్తమంటే ఎలా?

కంపెనీతో నిమిత్తం లేకుండా అభిమానులు ఇలా వ్రాసుకునే ప్రోగ్రాములను హోమ్‌బ్రూ అంటారట. అసలు అర్థం ఇంట్లో కాచుకున్న బీరు. మనమున్న దేశంలో ఆ అర్థం గట్టిగా చెప్పుకోవడం క్షేమం కాదు గనుక ఇంటివంట అనుకుందాం.

మా దగ్గరున్న 8 మెగాబైట్ల పాత కార్డును మాత్రం ముట్టుకోవద్దన్నాను. అందులో నేనూ తమ్ముడూ ఆడిన ఆటలన్నీ దాచి ఉన్నాయి. ఆయన వేరే కార్డు తెచ్చి మొదటి గూట్లో పెట్టి, మాది రెండో గూట్లో పెట్టాడు. యంత్రం లేచింది. మావాడు చప్పట్లు కొట్టాడు.

అసలు కథ అప్పుడు మొదలైంది. ఆయన జేబులోంచి ఒక హార్డ్ డిస్కు తీసి, "సారూ, ఇండ్ల మూడు వందల ఆటలున్నయి. ఎక్కించాల్నా? పైసలేం వద్దు" అన్నాడు. పేర్లు తెర మీద వరసగా దిగుతున్నాయి. మావాడు ఒకచోట ఆపి, "నాన్నా, హనుమాన్!" అని కేకేశాడు. మా ఖాళీ డబ్బాలోని ఆట అక్కడుంది. ఒక్క మీట నొక్కితే మాదవుతుంది.

ఇక్కడ మీకొక సంగతి చెప్పాలి. ఆ డిస్కు తెనాలిలో మా తమ్ముడి దగ్గరుంది. నాన్నగారు పోయాక ఇంటి వాటాల దగ్గర మాటా మాటా పెరిగి, మూడేళ్ళుగా మా ఇద్దరికీ మాటల్లేవు. అతని క్షేమం నాకూ, నా క్షేమం అతనికీ అమ్మే చేరవేస్తుంది. ఈ రోగం మన సంఘంలో నా ఒక్కడికే లేదనుకుంటాను. ఆ ఆట అక్కడ ఉచితంగా కనిపించినప్పుడు, మావాడికంటే నాకే ప్రాణం లేచొచ్చింది. తమ్ముణ్ణి అడగకుండా పని జరిగిపోతుంది గదా!

వంటింట్లోంచి మా ఆవిడ, "ఏమండీ, అవన్నీ మనం కొన్నవి కావు గదా?" అంది. నేను వాదన మొదలుపెట్టాను. మా మెడిసిన్ పుస్తకాల్లో సగం జిరాక్సులే గదా, చిన్నప్పుడు మనం ఆడిన టీవీ గేముల్లో "99999 ఆటలు" అని అట్ట మీద వేసిన కార్ట్రిడ్జీ మాత్రం ఎవరి సొత్తు, అన్నాను. (ఇరవై ఆటలే తిరిగి తిరిగి వచ్చేవి, అది వేరే మోసం.) "అప్పుడు మనకు తెలియదు, డబ్బూ లేదు. ఇప్పుడు రెండూ ఉన్నాయిగా?" అంది. సమాధానం తోచలేదు.

చట్టం చూద్దామా అంటే, ఇండియాలో 1957 నాటి కాపీరైటు చట్టం, న్యాయంగా తన దగ్గరున్న ప్రోగ్రాము పాడైపోకుండా ఒక ప్రతి తీసి ఉంచుకోవడానికి ఒప్పుకుంటుంది. హక్కులు కాజేసే ఉద్దేశంతో తాళం పగలగొడితే నేరమని 2012లో చేర్చారు. ఇక్కడ ఖతార్‌లోనూ 2002లో వచ్చిన కాపీరైటు చట్టం ఉంది. అంటే నా పది డిస్కుల సంగతి వేరు, ఆ మూడు వందల సంగతి వేరు. పాత పరికరాన్ని విప్పి బతికించుకోవడం తప్పని నాకిప్పటికీ అనిపించదు. మా ఊళ్ళోనే చూడండి. 2005లో ఒంటెల మీద చిన్నపిల్లల్ని ఎక్కించడం నిషేధించి, వాళ్ళ స్థానంలో రోబోలను ఎక్కించారు. మొదట స్విట్జర్లాండ్ నుంచి వచ్చినవి బరువూ ఎక్కువ, ఖరీదూ ఎక్కువ. తర్వాత గోడలకు చిల్లులు పెట్టే చేతి డ్రిల్లు మోటార్లను మార్చి, రెండు మూడు కిలోల బరువుతో ఇక్కడే కట్టుకున్నారు. యజమానులు పక్కన కారులో పోతూ రిమోటు నొక్కుతుంటారు. డ్రిల్లు తయారుచేసినవాడు ఆ పని కోసం చెయ్యలేదు. అయినా ఆ మార్పు వల్ల, మావాడి ఈడు పిల్లలు ఒంటె మీద నుంచి దిగారు. మార్చడంలో తప్పు లేదు, దేనికి మారుస్తున్నామన్నదే ప్రశ్న.

ఆ మూడు వందల ఆటల్ని చేసినవాళ్ళు ఎక్కడో ఉన్నారులే అనుకుంటే చెయ్యి వణకదు. కాని హనుమాన్ చేసినవాళ్ళు హైదరాబాదులో మా తమ్ముడి ఈడు ఇంజనీర్లు. గొప్పగా రాకపోయినా రాత్రింబగళ్ళు కూర్చుని చేసి ఉంటారు. మొదటి ఆట చేసిన మనవాళ్ళకే నేను డబ్బు ఎగ్గొడితే, "మనవాళ్ళు చేసింది తెలుసా?" అని హాస్టల్లో చాటిన ఆ నోరు ఏమైనట్లు?

ఇంత ఆలోచన నేను చేస్తుంటే మావాడు ఒక్క ముక్కలో తేల్చేశాడు. "నాన్నా, డబ్బా మనదే గదా. డిస్కు బాబాయి దగ్గరుంది గదా. బాబాయిని అడగొచ్చుగా?" తర్వాత డబ్బాలోని కాగితం చూసి, "మిగతావాటి మీద కూడా బాబాయి పేరుంది. వాటికి ప్రతి తీసుకుంటామని చెప్పావా?" అన్నాడు.

కరీంనగర్ మిత్రుడు నవ్వి హార్డ్ డిస్కు జేబులో పెట్టుకున్నాడు. "పోరడు లాయరైతడు సారూ" అన్నాడు.

ఆ రాత్రి తెనాలికి ఫోను చేశాను. నాలుగుసార్లు మోగాక ఎత్తాడు. "అమ్మ బాగానే ఉంది" అన్నాడు, నేనేమీ అడగకముందే. మూడేళ్ళలో నా ఫోను అంటే అదొక్కటే కారణమై ఉంటుందని అతని లెక్క. నేను గొంతు సవరించుకుని, "ప్లేస్టేషన్ బాగుచేయించాను. డిస్కులకు ప్రతులు తీద్దామనుకుంటున్నా. చెరి సగం గదా, నిన్ను అడుగుదామని..." అన్నాను. అవతల చాలాసేపు చప్పుడు లేదు. తర్వాత, "కార్డు ఉందా అన్నయ్యా? చెరపలేదు గదా?" అన్నాడు.

"ఉంది. ముట్టుకోనివ్వలేదు" అన్నాను.

"హనుమాన్ డిస్కు నా దగ్గరే ఉంది. ఆ ఆట నువ్వెప్పుడూ నన్నడగకుండా గెలవలేదు" అన్నాడు.

పోయిన నెల సెలవు మీద వెళ్ళివచ్చిన ఒకావిడ చేత గోంగూర పచ్చడి సీసాతోబాటు ఆ డిస్కు పంపించాడు. పాత చొక్కా గుడ్డలో చుట్టి ఉంది. మా కంప్యూటరులో పెట్టి ప్రతి తీసి, అసలుదాన్ని పదిహేనేళ్ళ తర్వాత దాని డబ్బాలో పెట్టాం. మా ఇంట్లో ఇప్పుడు పదకొండు ఆటలున్నాయి. మూడు వందలు లేవు.

ఇంటి వాటాల మాట ఇంకా ఎత్తలేదు. ఎత్తాలి. ఫోను మాత్రం ఇప్పుడు శుక్రవారాలు అతనే చేస్తున్నాడు, మావాడికి ఆట నేర్పే వంకతో. వాళ్ళిద్దరూ మాట్లాడుకుంటుంటే నేను పక్క గదిలో కూర్చుని వింటున్నాను.

ఇంతకీ షుగరు గురించి వ్రాయలేదు. వచ్చే నెల తప్పకుండా వ్రాస్తాను. ఈలోగా గోంగూర పచ్చట్లో ఉప్పు సంగతి మాత్రం నన్ను అడక్కండి.